ఎల్బెరెత్ స్తోత్రం: టోల్కీన్ లోకంలోని ఒక పవిత్ర గీతం గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

జె. ఆర్. ఆర్. టోల్కీన్ సృష్టించిన మిడిల్ ఎర్త్ అనే కల్పిత లోకంలో, చావులేని జాతి అయిన ఎల్ఫ్‌లకు గుడి లేదు, పూజారి లేడు, నిత్యం పారాయణ చేసే గ్రంథమూ లేదు. అందువల్ల ఆ లోకానికి మతమే లేదని చాలామంది పాఠకులు అనుకుంటారు. అక్కడి భక్తి అంతా పాటలో ఉందని, ఆ పాటల్లో ఎల్బెరెత్ స్తోత్రానిదే మొదటి స్థానమని నమ్మి ఈ జవాబులు రాస్తున్నాం. కథ మలుపులు కొన్ని బయటపడతాయి కాబట్టి, "ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్" నవలను ఇంకా చదవనివారు అది గమనించి ముందుకు సాగగలరు.

ఈ స్తోత్రం ఏమిటి? నవలలో ఎక్కడ కనిపిస్తుంది?

"ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్" మొదటి సంపుటం 1954 జులైలో వెలువడింది. అందులోని రెండవ భాగం, మొదటి అధ్యాయంలో ఫ్రోడో అనే హాబిట్ (పొట్టి మనుషుల జాతివాడు) గాయం నుంచి కోలుకుని, రివెండెల్ అనే ఎల్ఫ్‌ల లోయలో, వారి ప్రభువు ఎల్రాండ్ ఇంటి అగ్నిమందిరంలో కూర్చుంటాడు. ఏడాది పొడవునా నిప్పు ఆరని ఆ మందిరంలో ఆ రాత్రి ఎల్ఫ్‌లు ఏడు పాదాల పాట ఒకటి పాడతారు. "ఆ ఎల్బెరెత్ గిల్థొనియెల్" అన్న పిలుపుతో అది మొదలవుతుంది కాబట్టి పాఠకులు దాన్ని ఆ పేరుతోనే గుర్తిస్తారు. భాష సిందారిన్, టోల్కీన్ వ్యాకరణంతో సహా నిర్మించిన ఎల్ఫ్ భాషల్లో ఇది ఒకటి. పాటలో 1, 2, 4 పాదాలకు ఒక అంత్యప్రాస, 3, 5 పాదాలకు మరొకటి, చివరి రెండు పాదాలకు వేరొకటి ఉంటాయి. అర్థం తెలియకపోయినా ఇది కట్టుదిట్టంగా అల్లిన పద్యమని చెవికి తెలిసిపోవడానికి ఆ ప్రాసలే కారణం.

ఎల్బెరెత్ ఎవరు?

ఆమె అసలు పేరు వర్దా. లోకాన్ని తీర్చిదిద్దిన వలార్ అనే మహాశక్తులలో ఆమె రాణి, వారికి రాజైన మాన్వేకు భార్య. పడమటి సముద్రానికి ఆవల, వాలినోర్ అనే పుణ్యభూమిలో, తానిక్వెటిల్ అనే అత్యున్నత శిఖరం మీద వారిద్దరూ నివసిస్తారు. ఆ శిఖరం మంచు ఎన్నడూ కరగదు. ఆమె పక్కన ఉన్నప్పుడు మాన్వే ఎవరికన్నా దూరం చూడగలడనీ, అతను పక్కన ఉన్నప్పుడు ఆమె ఎవరికన్నా స్పష్టంగా వినగలదనీ, ఈ లోకపు పురాణగాథల సంకలనమైన "ది సిల్మరిలియన్" చెబుతుంది. వినడం ఆమె ప్రత్యేక గుణమని ఇక్కడే గుర్తుపెట్టుకోవాలి, ఎందుకంటే ఆపదలో ఉన్నవారు ఆమెనే పిలవడానికి ఇదొక ముఖ్యమైన ఆధారం.

ఆమెకు పేర్లు చాలా ఉన్నాయి. ఎల్బెరెత్ అంటే తారల రాణి, గిల్థొనియెల్ అంటే తారలను వెలిగించినది, ఫానుయిలొస్ అంటే నిత్యధవళ. సిందారిన్‌లో ఈ పేర్లు ఉండగా, ప్రాచీనమైన క్వెన్యా భాషలో ఎలెంతారి, తింతల్లే అన్న పేర్లతో ఆమెను పిలుస్తారు.

ఎల్ఫ్‌లకు నక్షత్రాలంటే ఎందుకంత భక్తి?

సూర్యచంద్రులు లేని కాలంలో ఎల్ఫ్‌లు పుట్టారు. వారు మేలుకునే సమయం దగ్గరపడుతున్నదని తెలిసి, వర్దా ఒక మహాకార్యం తలపెట్టింది. వాలినోర్‌లో కాంతినిచ్చే రెండు చెట్లలో వెండి వెలుగుల టెల్పెరియోన్ నుంచి జాలువారిన మంచును తొట్లలో నిలవ చేసి ఉంచగా, ఆ కాంతి బిందువులతో కొత్త నక్షత్రాలను, అంతకుముందున్న వాటికన్నా ప్రకాశమైనవాటిని, ఆమె ఆకాశంలో పొదిగింది. మన మృగశిర వైపు కనిపించే వేటగాడి ఆకారాన్ని, ఉత్తరాన సప్తర్షి మండలాన్ని పోలిన ఏడు తారల కొడవలిని కూడా అప్పుడే అమర్చింది. ఆ కొడవలి, దుష్టశక్తి అయిన మెల్కోర్‌కు విసిరిన సవాలు.

ఆ పని పూర్తయిన గడియలోనే కుయివియేనెన్ అనే సరస్సు ఒడ్డున మొదటి ఎల్ఫ్‌లు కళ్ళు తెరిచారు. వారు మొదట చూసినవి నక్షత్రాలు. ఆనాటి నుంచి నక్షత్రకాంతి మీద వారికి మమకారం, వలార్ అందరిలో వర్దా మీద ఎక్కువ భక్తి. సృష్టిలో ఎవరికీ భయపడనంతగా మెల్కోర్ ఆమెకు భయపడ్డాడనీ, ఆమెను ద్వేషించాడనీ కూడా అదే గ్రంథం చెబుతుంది. కథలో తరువాత జరిగే ఎన్నో సంఘటనలకు ఈ ఒక్క వాక్యం తాళంచెవి.

ఆమె దేవతా? ఈ పాట పూజ కిందికి వస్తుందా?

ఈ ప్రశ్న దగ్గరే ఎక్కువమంది తడబడతారు. టోల్కీన్ లోకంలో సృష్టికర్త ఒక్కడే. అతని పేరు ఎరు, ఎల్ఫ్‌లు ఇలూవతార్ అని కూడా అంటారు. అతని సంకల్పం నుంచి పుట్టిన ఐనూర్ అనేవారు అతని ఎదుట పాడిన మహాగానమే లోకానికి నమూనా అయింది. ఆ ఐనూర్‌లో లోకంలోకి దిగివచ్చిన గొప్పవారు వలార్. కాబట్టి వర్దా సృష్టికర్త కాదు, సృష్టికర్తకు సమానురాలూ కాదు. మనుషులు వలార్‌ను దేవుళ్ళని పిలిచినా, ఎల్ఫ్‌లకు ఆ తేడా స్పష్టంగా తెలుసు.

అయినా టోల్కీన్ ఈ పాటను స్తోత్రమనే అన్నాడు. 1967లో డొనాల్డ్ స్వాన్ సంగీతంతో వచ్చిన "ది రోడ్ గోస్ ఎవర్ ఆన్" అనే పాటల పుస్తకానికి రాసిన వివరణలలో, ఎల్బెరెత్ ఎత్తైన శిఖరం మీద నిలబడి, చీకట్లను చీల్చే చూపుతో మిడిల్ ఎర్త్ వైపు చూస్తూ, ఆపదలో, దుఃఖంలో ఉన్న ఎల్ఫ్‌ల, మనుషుల మొరలు వింటున్నట్టుగా భావించేవారని చెప్పి, నవలలోని ఇలాంటి మతపరమైన ప్రస్తావనలను పాఠకులు తరచుగా గమనించకుండా వదిలేస్తున్నారని కూడా జతచేశాడు. రచయితే ఇంత స్పష్టంగా చెప్పిన తరువాత, ఈ పాటను ఎల్ఫ్‌ల జానపద గేయంగా లెక్కగట్టడం అన్యాయం. ఆరాధన ఎరుకు, స్తుతి, మొర ఎల్బెరెత్‌కు అని విడదీసి చూస్తే, లెక్క సరిపోతుంది.

పాటకు అర్థం ఏమిటి?

నవలలో అనువాదం లేదు. పైన చెప్పిన 1967 నాటి పుస్తకంలో టోల్కీన్ పదపదానికీ అర్థం ఇచ్చాడు. దాని ఆధారంగా తాత్పర్యం ఇలా చెప్పుకోవచ్చు: తారలను వెలిగించిన ఎల్బెరెత్‌ను మొదట పిలిచి, నక్షత్రసమూహపు వైభవం రత్నాల్లా మెరుస్తూ ఆకాశం నుంచి వాలుగా కిందికి ప్రసరిస్తున్నదని మొదటి మూడు పాదాలు వర్ణిస్తాయి. చెట్లు అల్లుకుపోయిన ఈ నడిమి భూముల నుంచి సుదూరానికి చూపు సారించిన తరువాత, ఓ నిత్యధవళా, సముద్రానికి ఈవలి ఒడ్డున, ఈ మహాసముద్రానికి ఈవలనే నిలిచి నిన్ను గానం చేస్తాను అని మిగిలిన నాలుగు పాదాలు చెబుతాయి.

గమనించారా, ఇందులో కోరిక ఏదీ లేదు. ఆరోగ్యం అడగరు, విజయం అడగరు, సముద్రం దాటించమని కూడా అడగరు. చెట్ల కొమ్మలు చూపును అడ్డగిస్తున్న చోట నిలబడి, అయినా పైకి చూశాం, అయినా పాడుతున్నాం అని మాత్రమే చెబుతారు. "సముద్రానికి ఈవల" అన్న మాటను చివరి పాదంలో రెండుసార్లు పలకడంలోనే ప్రవాసుల వేదన అంతా ఉంది. ఆ మందిరంలో పాడేవారిలో వాలినోర్‌ను చూసి, పూర్వకాలపు తిరుగుబాటులో దాన్ని విడిచి వచ్చిన వంశాలవారున్నారు. మా దృష్టిలో ఈ స్తోత్రానికి ప్రాణం స్మరణే; మొర తరువాత వచ్చి చేరింది.

కథలో స్తోత్రం ఎన్ని రూపాల్లో వస్తుంది?

ప్రధానంగా నాలుగు. ఆ నాలుగింటినీ వరుసగా చూస్తే తప్ప ఈ పాట చేసే పని అర్థం కాదు.

మొదటిది హాబిట్ల దేశమైన షైర్‌లోని అడవిలో. ఫ్రోడో, అతని తోటి హాబిట్లు శామ్, పిప్పిన్ రాత్రివేళ నడిచి వెళుతుండగా నల్ల రౌతు ఒకడు గుర్రం దిగి, వాసన పసిగడుతూ, నేలమీద పాకుతూ ఫ్రోడో వైపు వస్తాడు. తన దగ్గరున్న మాయ ఉంగరాన్ని తొడుక్కోవాలన్న తహతహ ఫ్రోడోలో పెరిగిపోతున్న ఆ క్షణాన, దూరం నుంచి నవ్వులు, పాట వినిపిస్తాయి. నల్లని ఆకారం నిటారుగా లేచి, వెనక్కి తగ్గి, గుర్రమెక్కి చీకట్లో కలిసిపోతుంది. వస్తున్నది గిల్డోర్ అనే ఎల్ఫ్ ప్రభువు బృందం. పాడుతున్నది ఎల్బెరెత్ స్తుతి. వారు ఆ పేరు పలికారు కాబట్టి ఉన్నత వంశపు ఎల్ఫ్‌లని ఫ్రోడో వెంటనే గుర్తుపడతాడు. అక్కడి పాట సిందారిన్‌లో లేదు. ఎల్ఫ్ భాష కొద్దిగా తెలిసిన ఫ్రోడో మనసుకు ఎలా అందిందో ఆ రూపంలో, అందరికీ అర్థమయ్యే భాషలో ఇచ్చాడు టోల్కీన్. విడిపోయే ముందు గిల్డోర్ ఫ్రోడోకు ఎల్బెరెత్ రక్ష ఉండాలని దీవిస్తాడు.

రెండవది పైన చెప్పిన రివెండెల్ పాట. మూడవది షెలాబ్ అనే మహాసాలీడు ఎదుట శామ్ పెట్టిన నాలుగు పాదాల మొర. దాని గురించి విడిగా చెప్పాలి.

నాలుగవది నవల ముగింపులో, ఆ లోకపు మూడవ యుగం లెక్కలో 3021 సెప్టెంబర్‌లో. ఫ్రోడో, శామ్ మళ్ళీ అదే షైర్ అడవిలో ప్రయాణిస్తూ, ఎల్రాండ్, ఎల్ఫ్ రాణి గలాద్రియెల్‌ల బృందంతో కలుస్తారు. అప్పుడు ఎల్ఫ్‌లు పాడే పాటలో సగం రివెండెల్ పాదాలు, సగం అందరి భాష. చెట్ల కింద దూరదేశంలో ఉంటున్న మేము పడమటి సముద్రాల మీది నక్షత్రకాంతిని ఇంకా మరువలేదని వారు పాడతారు. మొదటిసారి అడవిలో దారినపోయేవారి పాటగా విన్నది, ఈసారి ఓడ ఎక్కబోయేవారి పాట అయింది. ఏడు రోజుల తరువాత, సెప్టెంబర్ 29న, ఆ ఓడ గ్రే హేవెన్స్ రేవు నుంచి బయలుదేరుతుంది. ఇంతకాలమూ ఈవలి ఒడ్డున అని పాడినవారు ఆవలికి వెళ్ళిపోతుంటే, ఈ గడ్డమీద ఆ స్తోత్రాన్ని పాడే గొంతులు ఇక తగ్గిపోతాయని పాఠకుడికి అర్థమవుతుంది.

రాని భాషలో శామ్ ఎలా మొరపెట్టగలిగాడు?

శామ్ తోటమాలి. ఎల్ఫ్ భాష నేర్చుకున్నవాడు కాదు. ఫ్రోడో విషపు కాటుకు పడిపోయి, షెలాబ్ తన మీదికి దూకబోతున్నప్పుడు, అతని చెయ్యి రొమ్ము దగ్గరున్న, గలాద్రియెల్ కానుకగా ఇచ్చిన వెలుగు సీసాకు తగులుతుంది. అప్పుడు రెండు జ్ఞాపకాలు అతని చెవిలో మోగుతాయి: షైర్ చెట్ల నీడల్లో నక్షత్రాల కింద నడిచిపోయిన ఎల్ఫ్‌ల కేకలు, ఎల్రాండ్ అగ్నిమందిరంలో తన నిద్రలోకి ప్రవహించిన సంగీతం. ఆ వెంటనే అతని నాలుక కట్లు తెగి, తనకు తెలియని భాషలో గొంతు ఎలుగెత్తుతుంది.

నిద్రలో విన్న పాట అన్న ఆ వివరం చాలా విలువైనది. రివెండెల్ రాత్రి శామ్ ఓ మూల తల వాల్చి నిద్రపోతున్నాడని రచయిత మనకు ముందే చూపించి ఉన్నాడు. మేలుకుని శ్రద్ధగా విన్నవాడికి కాక, అలసి నిద్రపోయినవాడికి ఆ స్తోత్రం ఒంటబట్టింది. అయితే ఇది కేవలం జ్ఞాపకశక్తి కాదు, ఎందుకంటే శామ్ పలికిన పాదాలు రివెండెల్ పాదాలకు నకలు కావు. ఆకాశం నుంచి దూరదూరాలు చూసే తారల రాణీ, మృత్యుభయం కమ్మిన ఈ చోటి నుంచి నీకు మొరపెడుతున్నాను, నావైపు చూడు, నిత్యధవళా అని వాటి భావం. రివెండెల్ పాటలో చూసేది భక్తుడు. సుదూరానికి చూపు సారించేది అతనే. శామ్ మొరలో చూసేది ఆమె. అదే క్రియాపదం, ఒక అచ్చు దీర్ఘం పోయి హ్రస్వమై, చూపు దిశను తిప్పేసింది. ఇంత సూక్ష్మమైన మార్పు శామ్ తెలివితో చేసినది కాదు. అతని గొంతుతో మరెవరో పలికించారన్న భావన పాఠకుడికి కలగాలనే టోల్కీన్ అలా రాశాడని మా అభిప్రాయం.

మొర తరువాత ఏం జరిగింది? ఎల్బెరెత్ దిగివచ్చిందా?

రాలేదు. మొసలి నోట చిక్కిన గజేంద్రుడి మొర విని విష్ణువు ఉన్నపళంగా వైకుంఠం నుంచి పరుగెత్తుకొచ్చిన కథ మనందరి నోళ్ళలో నానినదే కాబట్టి, తెలుగు పాఠకుడు ఇక్కడ అలాంటి దర్శనం కోసం ఎదురుచూస్తాడు. టోల్కీన్ లోకంలో, ముఖ్యంగా ఈ కథాకాలంలో, వలార్ అలా కళ్ళెదుట దిగిరారు. శామ్ తడబడుతూ లేచి నిలబడతాడు, మళ్ళీ మామూలు శామ్ అవుతాడు, నువ్వు మా యజమానిని గాయపరిచావు, ఫలితం అనుభవిస్తావని ఆ సాలీడుతో తన సొంత మాటల్లో అంటాడు. అప్పుడే అతని అణగని పట్టుదల ప్రేరేపించిందా అన్నట్టు చేతిలోని సీసా తెల్లని దివిటీలా భగ్గుమంటుంది.

ఆ కాంతి ఎక్కడిదో ఆలోచించండి. సీసాలో ఉన్నది గలాద్రియెల్ తన ఊట నీటిలో పట్టిన ఎయారెండిల్ నక్షత్రపు వెలుగు. ఎయారెండిల్ నక్షత్రమంటే ఆకాశంలో ఓడ నడిపే నావికుడి నుదుటిమీది సిల్మరిల్ మణి. ఆ మణిలో ఉన్నది వాలినోర్ రెండు చెట్ల కాంతి. అపవిత్రమైన చెయ్యి ఏది తాకినా కాలిపోయేలా ఆ మణులను పవిత్రం చేసినది వర్దాయే. అంటే శామ్ ఎవరిని పిలిచాడో, ఆమె చెయ్యి సోకిన వెలుగు అప్పటికే అతని గుప్పిట్లో ఉంది. సహాయం వచ్చింది, కానీ కొండలు కదిలిస్తూ రాలేదు; యుగాల కిందట మొదలై చేతులు మారుతూ అతనిదాకా చేరింది. నవల మొత్తంలో దైవసహాయం పనిచేసే తీరుకు ఇంతకన్నా స్పష్టమైన ఉదాహరణ మరొకటి లేదు.

అయితే ఎల్బెరెత్ పేరు మంత్రం లాంటిదా?

కాదనే చెప్పాలి. 3018 అక్టోబర్ 6న వెదర్‌టాప్ కొండమీద నాజ్గూల్ (నల్ల రౌతుల) నాయకుడు పొడవబోతున్నప్పుడు ఫ్రోడో ఆ పేరు పిలుస్తూ అతని కాళ్ళవైపు కత్తి విసురుతాడు. ఫ్రోడో కత్తి కన్నా ఎల్బెరెత్ పేరే వాడికి ప్రాణాంతకమైనదని వారికి దారి చూపే ఆరగార్న్ తరువాత వివరిస్తాడు. అయినా ఫ్రోడోకు గాయం తప్పలేదు. బ్రుయినెన్ రేవు దగ్గర ఫ్రోడో ఎల్బెరెత్ మీద, పూర్వకాలపు ఎల్ఫ్ రాకుమార్తె లూథియెన్ మీద ఆన పెట్టి నాజ్గూల్‌ను ధిక్కరించినప్పుడు వారు ఆగకపోగా అతని కత్తి విరిగిపోతుంది. పలికితే చాలు ఫలితం ఖాయమనుకుంటే ఈ సన్నివేశాలు అర్థం కావు. ఆ పేరు ఎవరిదో దుష్టశక్తులకు తెలుసు, తమ మొదటి ప్రభువు మెల్కోర్ ఆమెకే భయపడ్డాడని తెలుసు. వారి జంకు అక్కడి నుంచి వచ్చింది.

ఫ్రోడోను శత్రువులు బంధించిన కిరిత్ ఉంగోల్ బురుజులో ఈ విషయం మరో విధంగా కనిపిస్తుంది. శామ్ కిందికి దిగి తిరిగి వచ్చేటప్పుడు నిచ్చెన వేయడానికి సంకేతపదంగా ఎల్బెరెత్ పేరునే ఎంచుకుంటారు, ఎందుకంటే ఓర్క్ అనే దుష్టజాతివాడు ఎవడూ దాన్ని పలకడు. బయటపడేటప్పుడు ద్వారపాలక విగ్రహాలు అదృశ్యంగా అడ్డుకుంటే, షైర్ చెట్లలో నల్ల రౌతును తరిమిన పాట శామ్‌కు గుర్తొచ్చి మళ్ళీ ఆమెను పిలుస్తాడు, ఫ్రోడో ఎయారెండిల్‌ను స్తుతిస్తాడు, ద్వారం కూలుతుంది. మొదటి సంపుటంలోని పాట మూడవ సంపుటంలో పనిచేసిందన్నమాట.

నవలలో పాటకు అనువాదం ఎందుకు ఇవ్వలేదు?

రచయిత కారణం చెప్పలేదు కానీ ఫలితం మన ముందుంది. అగ్నిమందిరంలో ఫ్రోడో ఆ పాటను పూర్తిగా గ్రహించి కాక, గుమ్మం దగ్గర ఒక్క క్షణం ఆగి, స్పష్టమైన రత్నాల్లా రాలే అక్షరాలుగా వింటాడు. ఇది ఎల్బెరెత్ పాట అని, ఫ్రోడో బంధువైన ముసలి హాబిట్ బిల్బో ఒక్క మాట చెబుతాడు. అంతే. పాఠకుడు కూడా ఆ గుమ్మం దగ్గరే నిలబడాలి. అర్థం తెలియని భాషలో స్తోత్రం విని చేతులు జోడించడం మనకు కొత్త కాదు కాబట్టి, తెలుగు పాఠకులకు ఈ అనుభవం పాశ్చాత్య పాఠకుల కన్నా తేలికగా అందుతుందని మా నమ్మకం.

ఈ లోకంలో గుడులే లేవా?

నూమెనోర్ అనే మనుషుల ద్వీపరాజ్యంలో ఎరుకు అంకితమైన పర్వతశిఖరం ఉండేది. దాని పేరు మెనెల్తార్మా. పైన కప్పు లేదు, కట్టడం లేదు. వసంతారంభంలో, నడివేసవిలో, శరదృతువు చివర ఏడాదికి మూడుసార్లు రాజు అక్కడ ప్రార్థన చేసేవాడు, మిగతా ఎవరూ ఆ శిఖరం మీద నోరు విప్పేవారు కాదు. పెద్ద గోపురంతో ఆ దేశంలో లేచిన ఆలయం మెల్కోర్ సేవకుడైన సౌరాన్ కట్టించినది. అందులో మెల్కోర్‌కు నరబలులు ఇచ్చారు. మంచి భక్తికి ఆకాశమే కప్పు, చెడు భక్తికి మూసిన గోపురం అన్న ఈ అమరిక యాదృచ్ఛికం కాదు. ఎల్ఫ్‌లు నక్షత్రాలు ఉదయించే వేళ ఎల్బెరెత్ నామాన్ని పాటగా ఎత్తుకుంటారని "ది సిల్మరిలియన్" చెప్పే మాట కూడా దీనికి సరిపోతుంది.

క్రైస్తవంలోని మరియమాత స్తోత్రాలతో దీనికి సంబంధం ఉందా?

ఉంది, కానీ ఒకటి మరొకదానికి ముసుగు అనుకోకూడదు. టోల్కీన్ తల్లి 1900లో కేథలిక్ మతం స్వీకరించి 1904లో చనిపోయింది. ఆ తరువాత అతన్ని పెంచే బాధ్యత బర్మింగ్‌హామ్ ఓరటరీకి చెందిన ఒక మతగురువు తీసుకున్నాడు. జీవితాంతం అతను నిష్ఠగల కేథలిక్. ఆ సంప్రదాయంలో మరియమాతను స్వర్గపు రాణి అనీ, సముద్రపు నక్షత్రమనీ పాడతారు. సముద్రం, నక్షత్రం, దారితప్పిన ప్రయాణికుడు అన్న మూడూ షైర్ అడవిలోని పాటలో ఉన్నాయి. ఎల్బెరెత్ మొరలకూ మరియమాత భక్తికీ పోలిక ఉందని ఒక విమర్శకుడు గమనించిన విషయాన్ని టోల్కీన్ స్వయంగా ఒక ఉత్తరంలో ప్రస్తావించాడు.

1953 డిసెంబర్ 2న జెసూయిట్ మిత్రుడు రాబర్ట్ మర్రేకు రాసిన ఉత్తరంలో, తన నవల మూలంలో మతపరమైనదీ కేథలిక్‌దీ అనీ, అందుకే ఆ కల్పిత లోకంలో మతం, క్రతువుల ప్రస్తావనలను దాదాపు పూర్తిగా తొలగించాననీ చెప్పాడు. అంత పట్టుదలగా తొలగించిన మనిషి ఈ స్తోత్రాన్ని మాత్రం నాలుగు చోట్ల ఉంచాడంటే, దానికి అతను ఇచ్చిన విలువను ఊహించుకోవచ్చు.

గలాద్రియెల్ పాడే "నామారియే" కూడా ఇదే స్తోత్రమా?

కాదు. అది క్వెన్యాలో ఉన్న వీడ్కోలు విలాపం. అందులోనూ వర్దా వస్తుంది. అయితే శిఖరం మీద నుంచి మేఘాల్లా చేతులెత్తి నిలిచిన రాణిగా వస్తుంది, దారులన్నీ నీడలో మునిగిపోతాయి. స్తోత్రంలో ఆమె వెలుగు కిందికి దిగుతుంది, విలాపంలో ఆమెను చేరే దారి మూసుకుపోతుంది. రెండూ వెంటవెంటనే చదివితే ప్రవాసుల మనసు రెండు వైపులా తెలుస్తుంది.

ఎలా పలకాలి?

హ్రస్వ, దీర్ఘ భేదాలున్న ఎ, ఏ, ఒ, ఓ తెలుగు లిపిలో ఉన్నాయి కాబట్టి మన పని చాలావరకు సులువు. ఎల్బెరెత్‌లో అన్నీ హ్రస్వాలే. చివర మనం తకారంగా రాసినది మన తకారమూ కాదు, ఒత్తక్షరమూ కాదు. "థింక్" అన్న ఇంగ్లిష్ మాటలో నాలుక పళ్ళ మధ్య పెట్టి గాలి వదిలే ధ్వని. "గలధ్రెమ్మిన్" అన్న మాటలోని ధకారం "దిస్" అన్న మాటలోని మొదటి ధ్వని. "నఖైరెద్" అని మనం రాసుకునే మాటలోని ఖకారాన్ని ఉర్దూలో "ఖుదా" అన్నట్టు గొంతులో నుంచి పలకాలి. రేఫను తెలుగులో లాగానే అదిరించాలి. ఊనిక (మాటలో ఒక అక్షరాన్ని నొక్కి పలకడం) విషయంలోనే మనవారు పొరబడతారు: చివరి నుంచి రెండవ అక్షరం గురువైతే ఊనిక దానిమీద, లఘువైతే అంతకు ముందు అక్షరం మీద పడుతుంది. కాబట్టి ఎల్బెరెత్‌లో "ఎల్" మీద, గిల్థొనియెల్‌లో "థొ" మీద, ఫానుయిలొస్‌లో "నుయ్" మీద ఊనాలి.

వినడానికి ఏమైనా ఉందా?

టోల్కీన్ స్వయంగా ఈ స్తోత్రాన్ని చదివిన రికార్డు 1967లో కేడ్మన్ సంస్థ ద్వారా వెలువడింది. డొనాల్డ్ స్వాన్ స్వరరచనలో ఇది విడి పాటగా కాక, బిల్బో నిప్పుపక్క కూర్చుని పాడుకునే పాటలో భాగంగా వస్తుంది. పీటర్ జాక్సన్ 2001 నాటి సినిమా విస్తృత ప్రతిలో, అడవిలో ఎల్ఫ్‌లు నడిచిపోయే సన్నివేశంలో, షైర్ అడవి పాటను సిందారిన్‌లోకి మార్చి పాడించారు. థియేటర్లలో ఆడిన ప్రతిలో ఆ సన్నివేశం లేదు. ఈ మూడింటిలో టోల్కీన్ గొంతునే ముందుగా వినమని సిఫారసు చేస్తాం, ఎందుకంటే పాదాల ఊపు అందులో తెలిసినంతగా మరెక్కడా తెలియదు.

"నెట్‌హ్యాక్" అనే కంప్యూటర్ గేమ్‌లో ఈ పేరు ఎందుకుంది?

1987లో విడుదలైన ఆ గేమ్‌లో ఆటగాడు నేలమీద ఎల్బెరెత్ అని గీస్తే చాలా రకాల రాక్షసులు దగ్గరికి వచ్చి కొట్టడానికి జంకుతారు. మనుషులు, మినోటార్‌లు మాత్రం లెక్కచెయ్యరు. నవలలో ఆ పేరుకున్న రక్షణ గుణమే ఆటలో నియమంగా మారింది. స్తోత్రం సంగతి అందులో ఉండదు.

నవల అంతా ఇప్పుడే చదవలేను. ఈ స్తోత్రం కోసం ఏ అధ్యాయాలు చదవాలి?

మొదటి భాగం మూడవ అధ్యాయం, రెండవ భాగం మొదటి అధ్యాయం, నాలుగవ భాగం చివరి అధ్యాయం, ఆరవ భాగం మొదటి, చివరి అధ్యాయాలు, ఇదే వరుసలో చదవండి. ఆ తరువాత "ది సిల్మరిలియన్"లో వలార్‌ను పరిచయం చేసే చిన్న భాగాన్ని, ఎల్ఫ్‌లు మేలుకున్న అధ్యాయాన్ని చదివితే వర్దా కథ అందుతుంది. పదాల అర్థం కావలసినవారికి 1967 నాటి పాటల పుస్తకంలోని వివరణలే ప్రమాణం. సాధ్యమైతే రివెండెల్ ఏడు పాదాలను అర్థం చూడకముందే ఒకసారి బయటికి చదవండి.